ఐరిష్ స్కోన్లు ఇంట్లో గుల్లగా, ఎత్తుగా రావాలంటే: పిండి కొలత నుంచి ట్రే దించేదాకా

స్కోన్లంటే ఓవెన్‌లో కాల్చే చిన్న గుల్ల రొట్టెలు. వాటి గురించి మళ్లీ మళ్లీ వచ్చే ప్రశ్నలు మూడే. పొంగలేదేం? గట్టిగా ఎందుకొచ్చాయి? పక్కకు ఎందుకు ఒరిగాయి? మూడింటికీ చాలాసార్లు మూలం ఒక్కటే, చేతికి అలవాటైన పిసుకుడు. చపాతీ పిండిని ఎంత మర్దిస్తే అంత మెత్తగా వస్తుంది. స్కోన్ పిండి సంగతి దానికి సరిగ్గా తలకిందులు. చెయ్యి ఎక్కువ పెట్టేకొద్దీ బిగుసుకుపోతుంది. అందుకే ఇక్కడ ఏం చేయాలో ఎంత చెప్పామో, ఎక్కడ ఆపాలో కూడా అంతే చెప్పాం.

కింద ఇచ్చింది ఐర్లండ్ ఇళ్లలో మామూలుగా చేసే తెల్ల స్కోన్. మైదా, వెన్న, మజ్జిగ, గుడ్డు, కొద్దిగా చక్కెర, ఇష్టమైతే కిస్మిస్. తీపి తక్కువే ఉంటుంది. మధ్యకు విడదీసి వెన్న, జామ్ రాసుకుని తింటారు కాబట్టి అంతకు మించి అక్కర్లేదు.

1. కొలతలు

ఏడెనిమిది స్కోన్లకు:

- మైదా 250 గ్రాములు, చల్లడానికి మరో గుప్పెడు
- బేకింగ్ పౌడర్ 2 టీస్పూన్లు, చదునుగా
- వంట సోడా పావు టీస్పూను, చదునుగా
- ఉప్పు పావు టీస్పూను (వెన్నలో ఉప్పుంటే వద్దు)
- సన్నటి చక్కెర 25 గ్రాములు, అంటే 2 టేబుల్ స్పూన్లు
- చల్లటి వెన్న 60 గ్రాములు
- గుడ్డు 1
- చిక్కటి మజ్జిగ 100 మి.లీ., విడిగా మరో 20 మి.లీ.
- కిస్మిస్ 60 గ్రాములు, ఇష్టమైతే
- పైన రాయడానికి ఒక చెంచాడు పాలు

టీస్పూను అంటే 5 మి.లీ., టేబుల్ స్పూను అంటే 15 మి.లీ. కాఫీ కలుపుకునే చెంచాతో సోడా కొలవకండి. ఆ చెంచాలు రకరకాల సైజుల్లో ఉంటాయి, సోడా కాస్త ఎక్కువైనా రుచి చెడుతుంది.

మైదాను కాటా మీద తూచడమే మంచిది. కప్పును డబ్బాలో ముంచి నొక్కి తీస్తే 150 గ్రాములు కూడా పట్టొచ్చు. చెంచాతో వదులుగా నింపి చాకుతో పైన గీసేస్తే 125 దగ్గర ఉంటుంది. రెండు కప్పుల దగ్గరే 50 గ్రాముల తేడా వచ్చేసింది, స్కోన్లు పొడిబారడానికి అది చాలు. కాటా లేకపోతే రెండో పద్ధతిలో 2 కప్పులు కొలవండి.

2. పదార్థాల్లో చూసుకోవాల్సినవి

మైదా. ఐర్లండ్‌లో స్కోన్లకు వాడేది మెత్తటి గోధుమ రకం పిండి, అందులో ప్రొటీన్ తక్కువ. మన మైదా ప్యాకెట్ వెనక 100 గ్రాములకు ప్రొటీన్ ఎంతో రాసి ఉంటుంది. 10 లోపు ఉంటే అలాగే వాడండి. 11 దాటితే 25 గ్రాముల మైదా తీసేసి అంతే కార్న్ ఫ్లోర్ కలపండి. పిండిలో సాగుడు తగ్గి లోపల మెత్తగా వస్తుంది. బ్రెడ్ కోసం అమ్మే పిండి మాత్రం దీనికి పనికిరాదు.

బేకింగ్ పౌడర్, వంట సోడా. ఇవి రెండూ వేర్వేరు, ఒకదానికి బదులు ఇంకొకటి వేయకూడదు. సోడా పనిచేయాలంటే పులుపు కావాలి, ఇక్కడ అది మజ్జిగ ఇస్తుంది. బేకింగ్ పౌడర్‌లో సోడాతో పాటు పులుపు పదార్థం కూడా కలిసే ఉంటుంది. ఈ కొలతలో మజ్జిగ పులుపుకు పావు టీస్పూను సోడా సరిపోతుంది, మిగతా పొంగంతా బేకింగ్ పౌడర్ పని. ఎక్కువ పొంగాలని సోడా పెంచితే సబ్బు రుచి వస్తుంది.

తెరిచి నెలలైన డబ్బా అయితే ముందు పరీక్షించండి. అర టీస్పూను బేకింగ్ పౌడర్ మీద కాస్త వేడినీళ్లు పోస్తే బుసబుసా నురగ రావాలి. సోడా మీద నాలుగు చుక్కలు నిమ్మరసం పిండినా అంతే. నీరసంగా రెండు బుడగలు వచ్చి ఆగితే ఆ డబ్బా పక్కన పెట్టేయండి. వర్షాకాలంలో మూత సరిగా లేని డబ్బాలు చాలా త్వరగా చస్తాయి.

వెన్న. ప్యాకెట్ వెన్న వాడండి, ఉప్పున్నదైనా లేనిదైనా. ఇంట్లో చిలికిన వెన్నలో నీరు ఎక్కువ. అదే వాడాలనుకుంటే చల్లటి నీళ్లలో కడిగి, నీరంతా పిండేసి, ఫ్రిజ్‌లో గట్టిపడనిచ్చి తూచండి. నెయ్యితో ఈ స్కోన్ రాదు. వెన్నలోని నీరే ఓవెన్ వేడికి ఆవిరై పొరలు విడదీస్తుంది, నెయ్యిలో ఆ నీరు ఉండదు.

మజ్జిగ. ఐర్లండ్ దుకాణాల్లో డబ్బాల్లో దొరికే మజ్జిగ చిక్కగా, కాస్త పుల్లగా ఉంటుంది. మనం తాగే పల్చటి మజ్జిగ పోస్తే నీళ్లు పోసినట్టే. గట్టి పెరుగు 75 గ్రాములు, చల్లటి నీళ్లు 25 నుంచి 30 మి.లీ. కలిపి గిలకొడితే కావలసిన చిక్కదనం వస్తుంది. పెరుగు ముందురోజుదైతే పులుపు సరిగ్గా ఉంటుంది. బాగా పులిసిపోయిందని సోడా పెంచకండి. పెరుగు లేకపోతే 100 మి.లీ. పాలలో ఒకటిన్నర టీస్పూను నిమ్మరసం పిండి పది నిమిషాలు వదిలేయండి.

పులుపు లేని మామూలు పాలతోనూ స్కోన్లు చేస్తారు. అప్పుడు సోడా పూర్తిగా మానేసి బేకింగ్ పౌడర్‌ను రెండున్నర టీస్పూన్లకు పెంచాలి.

కిస్మిస్. ఎండి గట్టిపడినవైతే గోరువెచ్చటి నీళ్లలో పది నిమిషాలు నానబెట్టి, వడకట్టి, బట్టతో అద్ది ఆరబెట్టండి. తడిగా వేస్తే పిండి వాటి చుట్టూ జిగురవుతుంది.

3. వెన్న కరగకుండా

ఐర్లండ్ వంటిళ్లలో పెద్దగా పట్టించుకోని విషయం ఇది. మే నెలలో విజయవాడలోనో ఖమ్మంలోనో చేసేవాళ్లకు మాత్రం ఇదే అన్నిటికంటే ముఖ్యం. 35 డిగ్రీల గదిలో వెన్న ముక్కలు కళ్లముందే మెత్తబడిపోతాయి. కరిగిన వెన్నను పిండి పీల్చుకుంటే పొరలకు అవకాశమే ఉండదు. స్కోన్ ఎత్తు పెరగకుండా బిస్కెట్‌లా పరుచుకుంటుంది.

ఏప్రిల్ నుంచి జూన్ దాకా ఇలా చేయండి:

- మైదా, బేకింగ్ పౌడర్, సోడా, చక్కెర కలిపిన గిన్నెను అరగంట ఫ్రిజ్‌లో పెట్టండి.
- వెన్నను చిన్న ముక్కలుగా కోయకుండా పెద్ద దిమ్మగానే అరగంట ఫ్రీజర్‌లో ఉంచండి.
- గుడ్డు, మజ్జిగ కలిపిన గ్లాసు కూడా ఫ్రిజ్‌లోనే ఉండాలి.
- ఫ్యాన్ కింద పిండి ఎగురుతుంది కాబట్టి దాన్ని ఆపక తప్పదు. పని తెల్లవారుజామున పెట్టుకుంటే సుఖం.
- చేతులు చల్లటి నీళ్లలో కడిగి పూర్తిగా తుడుచుకోండి.

గడ్డకట్టిన వెన్నను క్యారెట్ తురిమే పీట మీద పెద్ద కన్నాల వైపు తురిమి నేరుగా పిండిలో వేయడం వేసవిలో అన్నిటికంటే తేలిక. వేళ్లతో నలిపే పని మూడొంతులు తప్పుతుంది, చేతి వేడి వెన్నకు తగలదు. చలికాలంలో కూడా ఇదే పద్ధతిలో చేసుకోవచ్చు.

4. ఓవెన్ ముందు, పిండి తర్వాత

పిండి తడపడం మొదలుపెట్టేసరికి ఓవెన్ పూర్తిగా కాగి ఉండాలి. మజ్జిగ తగిలిన క్షణం నుంచే సోడా గాలి వదులుతుంది. ముద్ద సిద్ధంగా ఉండి ఓవెన్ కాగడం కోసం ఇరవై నిమిషాలు ఎదురుచూస్తే ఆ గాలంతా వంటింట్లోకే పోతుంది.

- ఓటీజీ (రాడ్లతో కాగే చిన్న కరెంటు ఓవెన్) అయితే కిందా పైనా రాడ్లు రెండూ వేసి 220 డిగ్రీలు పెట్టి 15 నుంచి 20 నిమిషాలు కాగనివ్వండి. ట్రే మధ్య అరలో.
- ఫ్యాన్ ఉన్న పెద్ద ఓవెన్ అయితే 200 డిగ్రీలు చాలు.
- కన్వెక్షన్ మైక్రోవేవ్‌లో కన్వెక్షన్ మోడ్ మీదే 200 డిగ్రీలకు కాగనిచ్చి, కింది స్టాండ్ మీద పెట్టండి. మూడు నాలుగు నిమిషాలు ఎక్కువ పడుతుంది.
- ఎయిర్ ఫ్రయర్‌లో 180 డిగ్రీలు, 10 నుంచి 12 నిమిషాలు. పైభాగం త్వరగా రంగు తిరుగుతుంది కాబట్టి రెండు విడతలుగా నాలుగేసి మాత్రమే పెట్టండి.

చిన్న ఓటీజీల్లో డయల్ మీద అంకెకూ లోపలి వేడికీ తేడా ఉండడం మామూలే. తరచూ బేక్ చేసేవాళ్లు లోపల వేలాడదీసే ఓవెన్ థర్మామీటర్ ఒకటి కొనుక్కోవడం మంచిది. దాని ఖరీదు పాడైపోయే వెన్న, గుడ్లతో పోలిస్తే ఎక్కువేం కాదు.

ట్రేకు నూనె రాయక్కర్లేదు. పల్చగా మైదా చల్లితే చాలు. కాగితం వేయాలనుకుంటే ప్యాకెట్ మీద 220 డిగ్రీలు తట్టుకుంటుందని ఉందో లేదో చూసుకోండి. చుట్టడానికి అమ్మే మామూలు బటర్ పేపర్ ఆ వేడికి మాడి స్కోన్‌కు అతుక్కోవచ్చు.

5. పిండిలో వెన్న నలపడం

మైదా, బేకింగ్ పౌడర్, సోడా, ఉప్పు కలిపి ఒకసారి జల్లించండి. సోడా చిన్న ఉండలు కడుతుంది, అవి అలాగే మిగిలితే కాలిన స్కోన్ మీద గోధుమరంగు మచ్చలుగా తేలి, పంటికి తగిలినప్పుడు చేదుగా ఉంటాయి. తర్వాత చక్కెర కలపండి.

వెడల్పాటి గిన్నె తీసుకోండి. చెయ్యి తిరగని లోతు గిన్నెలో ఈ పని సరిగా కాదు.

చల్లటి వెన్నను ముక్కలుగానో తురుముగానో వేసి, ముందు పిండితో పైపైన కలిపి ప్రతి ముక్కకూ పిండి అంటేలా చూడండి. ఇప్పుడు రెండు చేతుల వేళ్ల కొసలతో కొంచెం కొంచెం పిండి ఎత్తి, బొటనవేలితో మిగతా వేళ్ల మీదుగా నలుపుతూ పైనుంచి వదలండి. అరచేయి తగలనివ్వకండి, చేతిలో అన్నిటికంటే వేడిగా ఉండేది అదే.

చూస్తుండగానే పిండి రంగు మారుతుంది. తెల్లటి మైదా కాస్త పసుపు తిరిగి, తడి లేకుండానే రవ్వలా విడివిడిగా రాలుతుంది. అక్కడక్కడ పెసరపప్పు బద్దలంత వెన్న తుంపులు కనిపిస్తుంటాయి. అప్పుడే ఆపండి. ఆ తుంపులు కూడా కలిసిపోయేదాకా నలపాలని చెయ్యి లాగుతుంది, లాగనివ్వకండి. ఓవెన్‌లో కరిగి ఆవిరి చిమ్మి స్కోన్‌ను గుల్ల చేసేవి అవే.

వేళ్లకు జిడ్డు తగులుతూ, పిండి ముద్దలు కట్టడం మొదలైతే వెన్న కరుగుతోందన్నమాట. గిన్నెను అలాగే 15 నిమిషాలు ఫ్రిజ్‌లో పెట్టి మళ్లీ మొదలుపెట్టండి. ఇక్కడ ఆగడం వల్ల నష్టం లేదు, ఇంకా తడి తగల్లేదు కదా.

చివరగా కిస్మిస్ వేసి కలపండి.

6. తడి కలపడం, అర నిమిషం పని

గుడ్డును గిలకొట్టి, అందులోంచి ఒక చెంచాడు పైన రాయడానికి తీసి పెట్టుకోండి. మిగతాది 100 మి.లీ. మజ్జిగలో కలపండి. ఓవెన్ కాగిందని ఒకసారి చూసుకున్నాకే ముందుకు వెళ్లండి.

పిండి మధ్యలో గుంట చేసి తడి అంతా ఒకేసారి పోయండి. చపాతీ పిండికి పోసినట్టు కొంచెం కొంచెం పోస్తూ పోతే, ముందు తడిసిన చోట పిండి నలిగి బిగుస్తుంది, చివరి చోట పొడిగానే ఉంటుంది.

ఒక చేత్తో గిన్నె పట్టుకుని, రెండో చేతి వేళ్లను ఎడంగా, బిగువుగా చాపి, మధ్యలోంచి అంచుల వైపు గుండ్రంగా తిప్పండి. నాలుగైదు చుట్లలో పిండి కలుస్తుంది. వేళ్లకు అంటుకోవడం ఇష్టం లేకపోతే మొండి చాకుతో తిప్పినా సరే. గిన్నె అడుగున పొడిపిండి మిగిలితేనే విడిగా ఉంచిన మజ్జిగ ఒక్కో చెంచాడు అక్కడ మాత్రమే చిలకరించండి.

ఇప్పుడు గిన్నెలో ఉన్నది అందంగా ఉండదు. ఎగుడుదిగుడుగా, జిగురుగా, అక్కడక్కడ చారలుగా ఉంటుంది. చాలామంది దెబ్బతినేది ఈ క్షణంలోనే. నునుపు లేదని ఇంకో నిమిషం కలుపుతారు, చేతికి అంటుకుంటోందని ఇంకో గుప్పెడు పిండి వేస్తారు. రెండూ వద్దు. కాస్త అంటుకునే ముద్దే పొంగే ముద్ద.

7. పరచడం, కోయడం

గట్టు మీద పిండి చల్లి ముద్దను దాని మీద వేయండి. చేతులకూ పిండి రాసుకోండి. పై నుంచి చల్లుతూ, రెండు మూడుసార్లు మాత్రమే అటూ ఇటూ మడిచి ఒక దగ్గరకు చేర్చండి. గీతలు పోయేదాకా నునుపు చేయక్కర్లేదు.

అప్పడాల కర్ర అవసరం లేదు. అరచేత్తో మెల్లగా తట్టుతూ రెండున్నర సెంటీమీటర్ల మందానికి పరచండి. స్కేలు పెట్టి చూడటానికి మొహమాటపడకండి. కంటి అంచనాలో అంగుళం అనుకున్నది చాలాసార్లు ముప్పావు అంగుళమే ఉంటుంది, ఒకటిన్నర సెంటీమీటర్ల మందంలో కోసిన స్కోన్ ఎంత మంచి పిండైనా ఎత్తుకు రాదు.

5.5 నుంచి 6 సెం.మీ. వెడల్పున్న గుండ్రటి కట్టర్‌ను పిండిలో ముంచి, నిటారుగా నొక్కి, నిటారుగానే తీయండి. మెలితిప్పకూడదు. మెలితిప్పితే అంచు పొరలు ఒకదానికొకటి అతుక్కుంటాయి, అతుక్కోని వైపు మాత్రమే లేచి స్కోన్ ఒరుగుతుంది.

కట్టర్ లేక స్టీలు గ్లాసుతో కోసేవాళ్లకు రెండు ఇబ్బందులు. గ్లాసు అంచు మొద్దుగా ఉంటుంది కాబట్టి పిండిని కోయడం కంటే నొక్కేస్తుంది. అడుగు మూసి ఉండటంతో లోపలి గాలి బయటకు పోక ముద్ద గ్లాసులోనే ఇరుక్కుంటుంది. దానికంటే పదునైన చాకుతో చతురస్రాలుగా కోయడం ఎంతో మేలు. అంచులు శుభ్రంగా తెగుతాయి, ముక్కలు మిగలవు, మళ్లీ కలపాల్సిన పనే ఉండదు. ప్రతి కోతకూ చాకును తుడిచి పిండిలో ముంచండి.

కట్టర్‌తో కోస్తే ఒకదాని పక్కన ఒకటి ఖాళీ లేకుండా కోయండి. మిగిలిన తునకలను పిసకకుండా దగ్గరకు నెట్టి తట్టి ఇంకో రెండు తీయొచ్చు. అవి మొదటివాటిలా రావు, కొంచెం గరుకుగా ఉంటాయి.

కోసిన ముక్కలను తలకిందులు చేసి ట్రేలో పెట్టండి, గట్టుకు ఆనుకున్న నున్నటి వైపు పైకి వస్తుంది. మధ్య ఎడం సెంటీమీటరు నుంచి రెండు సెంటీమీటర్లు చాలు. దగ్గరగా ఉంటే పక్కలకు పోవడానికి చోటు లేక పైకి లేస్తాయి.

తీసి ఉంచిన గుడ్డులో చెంచాడు పాలు కలిపి పైన మాత్రమే రాయండి. పక్కలకు కారితే అది కాలి అంచును అంటించేస్తుంది, ఆ వైపు పొంగదు. కావాలంటే పైన కాస్త పలుకు చక్కెర చల్లండి.

ఓవెన్‌లో పెట్టేముందు ఒక్క చూపు:

- ఓవెన్ 220 చేరి కొన్ని నిమిషాలైందా?
- ముక్కలన్నీ ఒకే మందంలో ఉన్నాయా?
- పైకి తేలిన కిస్మిస్‌లను లోపలికి నొక్కారా? పైన ఉన్నవి మాడతాయి.
- మజ్జిగ పోసి పది నిమిషాలు దాటలేదుగా?

8. బేక్ చేయడం

220 డిగ్రీల దగ్గర 12 నుంచి 15 నిమిషాలు. మొదటి ఏడు నిమిషాలు తలుపు తీయొద్దు. పొంగేదంతా ఆ సమయంలోనే, తలుపు తీస్తే చిన్న ఓటీజీలో వేడి ఒక్కసారిగా పడిపోతుంది.

తొమ్మిదో నిమిషంలో ట్రే ముందుభాగాన్ని వెనక్కి తిప్పండి. ఓటీజీల్లో లోపలి వైపు ముందు కాలుతుంది. పైన మాడేలా ఉండి పక్కలు ఇంకా తెల్లగా, తడిగా కనిపిస్తే ఫాయిల్ వదులుగా కప్పి మరో రెండు మూడు నిమిషాలు ఉంచండి.

అయ్యాయనడానికి గుర్తులు: పైన బంగారు రంగు, పక్కల్లో పొరలు విడిపోయి పొడిగా కనిపించడం, ఒకటి ఎత్తి అడుగు తడితే డొల్ల చప్పుడు. థర్మామీటర్ గుచ్చితే మధ్యలో 95 డిగ్రీలు దాటి ఉండాలి. రంగు ఒక్కటే చూసి దించేస్తే మధ్యలో పిండి ముద్ద మిగులుతుంది.

9. దించాక

జాలీ మీద పెట్టండి. వేడి ట్రేలోనే వదిలేస్తే అడుగు చెమర్చి మెత్తబడుతుంది. పైభాగం కరకరలాడాలంటే అలాగే తెరిచి ఉంచండి, మెత్తగా కావాలంటే శుభ్రమైన నూలు బట్ట కప్పండి.

పది నిమిషాలు ఆగి చేత్తో మధ్యకు విడదీయండి. చాకుతో కోస్తే వేడిగా ఉన్న లోపలి భాగం నొక్కుకుపోయి జిగురుగా కనిపిస్తుంది. వెన్న, దాని మీద రాస్ప్‌బెర్రీ జామో స్ట్రాబెర్రీ జామో, కావాలంటే గిలకొట్టిన క్రీమ్. పక్కన పాలు పోసిన చిక్కటి టీ.

10. తేడా వస్తే కారణం ఎక్కడుంది

అసలు పొంగలేదు. బేకింగ్ పౌడర్ పాతది, లేదా పిండి మరీ పల్చగా పరిచారు, లేదా తడిపాక ఆలస్యం చేశారు. ముందుగా డబ్బా పరీక్షించండి.

ఎత్తుగా లేవక పక్కలకు పరుచుకుంది. వెన్న కరిగింది, లేదా తడి ఎక్కువైంది, లేదా ఓవెన్ కాగలేదు. ఈసారి కోసిన ముక్కలను ట్రేతో సహా పది నిమిషాలు ఫ్రీజర్‌లో పెట్టి ఆ తర్వాత ఓవెన్‌లోకి పంపండి. చల్లదనంలో సోడా వేగం కూడా తగ్గుతుంది కాబట్టి ఈ పది నిమిషాల ఆలస్యం నష్టం చేయదు.

ఒకవైపు ఒరిగింది. కట్టర్ మెలితిప్పారు, లేదా గుడ్డు పక్కకు కారింది, లేదా మందం ఒకవైపు తక్కువైంది.

గట్టిగా, సాగుతూ, బ్రెడ్‌లా ఉంది. ఎక్కువ కలిపారు. పిండిలో ప్రొటీన్ ఎక్కువైనా ఇలాగే అవుతుంది. ఈసారి కలిపే పని సగానికి తగ్గించండి, చాలదనిపిస్తే కార్న్ ఫ్లోర్ కలిపి చూడండి.

పొడిబారి రాలిపోతోంది. మైదా ఎక్కువ పడింది, గట్టు మీద చల్లిన పిండిని ముద్ద పీల్చుకుంది, లేదా తక్కువ వేడిలో ఎక్కువసేపు ఉంచారు. 180 డిగ్రీల దగ్గర 25 నిమిషాలు ఉంచితే లోపల ఉడుకుతుంది గానీ తేమంతా పోతుంది. స్కోన్‌కు కావాల్సింది ఎక్కువ వేడి, తక్కువ సమయం.

సబ్బు రుచి, పసుపు మచ్చలు. సోడా ఎక్కువైంది, జల్లించలేదు, లేదా పులుపు లేని పాలలో సోడా వేశారు.

అడుగు మాడింది, పైన తెల్లగా ఉంది. ట్రే కింది రాడ్‌కు దగ్గరగా ఉంది, లేదా పల్చటి నల్ల ట్రే. ఒక అర పైకి జరపండి, ఒకదాని మీద ఒకటిగా రెండు ట్రేలు వాడండి.

11. గుడ్డు లేకుండా, గోధుమపిండితో, చీజ్‌తో

గుడ్డు తిననివాళ్లు దాని బదులు మజ్జిగ 45 నుంచి 50 మి.లీ. పెంచితే చాలు, సోడా అలాగే ఉంచి. పైన పాలు రాయండి. రంగు కాస్త లేతగా ఉంటుంది, లోపల ఇంకొంచెం మెత్తగా ఉంటుంది. వేరే పొడులేవీ అక్కర్లేదు.

బ్రౌన్ స్కోన్లకు 150 గ్రాముల గోధుమపిండి, 100 గ్రాముల మైదా. ఐర్లండ్ ముడి గోధుమపిండి గరుకుగా, పొట్టు కనిపించేలా ఉంటుంది. మన చపాతీ పిండి మరీ మెత్తగా విసిరింది, దానితో చేస్తే స్కోన్ ముద్దగా అనిపిస్తుంది. రెండు టేబుల్ స్పూన్ల గోధుమ పొట్టు కలిపితే ఆ గరుకు వస్తుంది. మజ్జిగ 20 మి.లీ. వరకు ఎక్కువ పడుతుంది.

చీజ్ స్కోన్లకు చక్కెర, కిస్మిస్ మానేసి, బాగా ఘాటున్న చెడ్డార్ చీజ్ 75 గ్రాములు తురిమి వేయండి. అర టీస్పూను ఆవపొడి, చిటికెడు కారం వేస్తే చీజ్ రుచి పైకి వస్తుంది. చీజ్‌లో ఉప్పుంటుంది, విడిగా వేసే ఉప్పు తగ్గించండి. ఇవి త్వరగా రంగు తిరుగుతాయి, పదకొండో నిమిషం నుంచే కన్నేసి ఉంచండి.

12. ఓవెన్ లేకపోతే

కుక్కర్లో ఉప్పు పోసి స్కోన్లు చేయొచ్చని చెబుతుంటారు. అడుగు కాలుతుంది గానీ పైభాగం తెల్లగా చెమర్చినట్టే ఉండిపోతుంది. దానికంటే ఉత్తర ఐర్లండ్‌లో ఇనుప పెనం మీద కాల్చే సోడా ఫార్ల్ అనే రొట్టె చేసుకోండి. స్కోన్ కాకపోయినా దానికి దగ్గరి చుట్టమే, మన పెనానికి సరిగ్గా సరిపోతుంది.

మైదా 250 గ్రాములు, వంట సోడా అర టీస్పూను, ఉప్పు అర టీస్పూను జల్లించి, చిక్కటి మజ్జిగ 180 నుంచి 200 మి.లీ. పోసి పైన చెప్పినట్టే కలపండి. వెన్న, గుడ్డు, చక్కెర లేవు. ఒకటిన్నర సెంటీమీటర్ల మందంలో గుండ్రంగా తట్టి, నాలుగు సమాన ముక్కలుగా కోయండి.

మందపాటి పెనాన్ని సన్నటి సెగ మీద కాగనిచ్చి చిటికెడు మైదా చల్లండి. నిమిషంలో లేత గోధుమరంగుకు వస్తే వేడి సరిగ్గా ఉంది, వెంటనే నల్లబడితే సెగ తగ్గించాలి. నూనె వేయకుండా ఒక్కో వైపు ఆరేడు నిమిషాలు కాల్చండి. చివర్లో ముక్కలను కోసిన అంచుల మీద నిలబెట్టి ఒక్కో అంచు నిమిషంపాటు ఆరనివ్వండి, లేకపోతే అక్కడ పచ్చిగా ఉంటుంది.

13. ఐరిష్ రెసిపీ చూసి చేసేటప్పుడు

డబ్లిన్‌లోనో కార్క్‌లోనో ఉంటూ మొదటిసారి చేసేవాళ్లకు దుకాణంలో కొన్ని పేర్లు తికమక పెడతాయి.

- క్రీమ్ ఫ్లోర్ అంటే మామూలు తెల్ల మైదా. అందులో క్రీమ్ ఏమీ ఉండదు. స్కోన్లకు ఇదే కావాలి.
- సెల్ఫ్ రైజింగ్ ఫ్లోర్‌లో పొంగే పొడి కలిసే ఉంటుంది. అది వాడితే రెసిపీలో విడిగా చెబితే తప్ప బేకింగ్ పౌడర్ వేయకండి.
- స్ట్రాంగ్ ఫ్లోర్ బ్రెడ్ పిండి. వద్దు.
- బ్రెడ్ సోడా అంటే మన వంట సోడానే.
- కాస్టర్ షుగర్ అంటే సన్నటి చక్కెర. ఇక్కడైతే మిక్సీలో రెండు సెకన్లు తిప్పినా చాలు, పొడి కానివ్వకండి.
- సుల్తానాలు లేత రంగు కిస్మిస్‌లు.
- గ్యాస్ మార్క్ 7 అంటే 220 డిగ్రీల సెల్సియస్.
- పాత రెసిపీల్లో ఔన్సు అంటే దాదాపు 28 గ్రాములు.

హీప్డ్ టీస్పూన్ అని ఉంటే గోపురంలా నింపిన చెంచా, దాదాపు రెండు చదును చెంచాలంత. దాన్ని చదునుగా కొలిచి, పొంగలేదని రెసిపీని తప్పుబట్టడం తరచూ జరిగేదే.

14. నిల్వ

స్కోన్ చేసిన రోజే బాగుంటుంది. మర్నాటికి గాలి చొరని డబ్బాలో పెట్టి, తినేముందు 160 డిగ్రీల ఓవెన్‌లో ఐదు నిమిషాలు వేడిచేయండి. మైక్రోవేవ్‌లో వేడిచేస్తే ఆ నిమిషానికి మెత్తగా ఉండి, చల్లారేసరికి రబ్బరులా సాగుతుంది.

ఎక్కువ చేసి దాచుకోవాలంటే కాల్చకముందే ఫ్రీజ్ చేయడం మంచిది. కోసిన ముక్కలను ట్రే మీద విడివిడిగా రెండు గంటలు ఫ్రీజర్‌లో గట్టిపడనిచ్చి, సంచిలో వేసి గాలి తీసి కట్టండి. నెల రోజుల్లో వాడేయండి. కావాల్సినప్పుడు కరగనివ్వకుండా, గడ్డగా ఉండగానే పైన పాలు రాసి 220 డిగ్రీల ఓవెన్‌లో పెట్టండి. మామూలు కంటే నాలుగైదు నిమిషాలు ఎక్కువ పడుతుంది. పైన ముందే రంగు తిరిగితే 200కి తగ్గించండి.